సూరత్‌లో కమ్మటి నెయ్యి అమ్మబోయాం

నెయ్యి వాసన చూడటం నా ఉద్యోగం. నమ్మకం కుదరకపోతే మరోసారి చదువుకోండి, అచ్చుతప్పేమీ కాదు. పాల కంపెనీ క్వాలిటీ విభాగంలో చేరింది మొదలు రిటైరయ్యేదాకా పొద్దున్నే కాఫీ తాగకుండా, తలలో పూలు పెట్టుకోకుండా, చేతులకు సబ్బు వాసన కూడా లేకుండా వెళ్లి, వరసగా పేర్చిన గాజు గిన్నెల ముందు కూర్చుని, ఒక్కొక్కటీ ముక్కు దగ్గర పెట్టుకుని మార్కులు వేశాను. మా అత్తగారు దీన్ని చాలాకాలం ఉద్యోగంగా ఒప్పుకోలేదు. "ఆ పని నేను ఇంట్లో ఊరికే చేస్తున్నాను కదా, నాకెవరిచ్చారు జీతం?" అనేది.

ఈమధ్య మా అక్క మనవరాలు ఒక కంపెనీలో మార్కెటింగ్ ఉద్యోగంలో చేరింది. చేరిన వారానికే నాకో రిపోర్టు పంపింది. మన దేశంలో నెయ్యి మార్కెట్టు ఎటు పోతోందో అందులో రంగురంగుల గీతలు గీసి చూపించారు. వనస్పతిని జనం వదిలేస్తున్నారట. పెద్ద డబ్బాలు తగ్గి ప్యాకెట్లు పెరిగాయట. గేదె నెయ్యిని ఆవు నెయ్యి పక్కకు తోస్తోందట. గాజు సీసాలో పోసి, కవ్వంతో చిలికామని పైన రాస్తే చాలు, జనం రెట్టింపు ధర పెట్టి ఎగబడుతున్నారట. అన్నీ నిజమే, కాదనను. "అమ్మమ్మా, దీని మీద నీ అభిప్రాయం చెప్పు" అని అడిగింది పిల్ల.

అభిప్రాయం చెప్పేంత దాన్ని కాదు గానీ, ఇలాంటి గీతలే పట్టుకుని సూరత్‌లో మేం చేసిన ఒక ఘనకార్యం చెబుతాను. మీలో ఇలాంటి ఉద్యోగాల్లో కొత్తగా చేరినవాళ్లు ఉంటే కాస్త దగ్గరికి జరిగి వినండి.

నేను చేరిన కొత్తలో నెయ్యికి దేశం అంటూ ఉండేది కాదు, ఊళ్లే ఉండేవి. గుజరాతీలకు నెయ్యి తెల్లగా, పూసపూసగా, వాసన ఉండీ లేనట్టు ఉండాలి. మాది తెనాలి వైపు. మా ఇళ్లల్లో వెన్న కాస్తుంటే వీధి చివర నడిచేవాడికి తెలియాలి. కాచి కాచి అడుగున మడ్డి ఎర్రబడ్డాక దించితేనే అది నెయ్యి. ఆ మడ్డిలో పంచదార కలుపుకుని తినడానికి మా అన్నదమ్ములతో నేను కొట్టుకున్న రోజులున్నాయి. ఒక ఊరి నెయ్యి ఇంకో ఊరికి నచ్చేది కాదు, నచ్చాలని ఎవరూ అనుకునేవాళ్లూ కాదు. తర్వాత కంపెనీలు పెద్దవయ్యాయి. ప్రతివాడికీ దేశమంతా కావాల్సొచ్చింది.

ఉద్యోగం చివరి అంకంలో నన్ను సూరత్ వేశారు. ప్లాంటు బార్డోలీ రోడ్డులో, చెరకు తోటలు దాటాక. నేను అమ్రోలిలో ఇల్లు తీసుకుని, కంపెనీ బస్సులో నిద్రపోతూ వెళ్లి నిద్రపోతూ వచ్చేదాన్ని.

మా ప్లాంటు మేనేజరు పుట్టి పెరిగిన సూరతీ. నన్ను అక్కా అన్నట్టు "బెన్" అనేవాడు, నేనాయన్ని "భాయ్" అనేదాన్ని. మనిషికి కోపం వస్తే నవ్వేవాడు, ఇంకా కోపం వస్తే తినడానికేదైనా తెప్పించేవాడు. సూరత్ వాళ్లకు తిండి మీదున్న శ్రద్ధ గురించి కొత్తవాళ్లకు చెబితే అతిశయోక్తి అనుకుంటారు. మా మేనేజరు ఒకసారి ఆడిట్ జరుగుతుండగా మధ్యలో లేచి, వేడి తగ్గకముందే తినాలని ఆడిటర్లని కూడా వెంటబెట్టుకుని, శనగపిండిని ఆవిరి మీద ఉడికించి చేసే లోచో తినడానికి వెళ్లిపోయాడు. ఆ ఏడు ఆడిట్ రిపోర్టు ఎంతో చల్లగా వచ్చింది.

ఒకరోజు హెడ్డాఫీసు నుంచి కొత్త ప్రాడక్టు మేనేజరు విమానం దిగి వచ్చాడు. చిన్నవాడు, మంచివాడు, ఇస్త్రీ చొక్కా నలగకుండా కూర్చునే విద్య తెలిసినవాడు. గోడ మీద బొమ్మ వేసి చూపించాడు. అది సూరత్ మ్యాపు. అందులో పాండేసరా పక్కన వడోద్ దగ్గర ఒక ఎర్ర చుక్క, హజీరా దగ్గర ఇంకో ఎర్ర చుక్క.

"ఇవి తెలుగువాళ్లుండే చోట్లు" అన్నాడు. "వడోద్‌లో మగ్గాల కార్మికుల కుటుంబాలు. హజీరాలో ఇంజినీర్లు. ఇప్పుడు దేశమంతా ట్రెండ్ ఏమిటంటే ప్రాంతీయ రుచి. ఎవరి నెయ్యి వాళ్లకు అమ్మాలి. ఇంతమంది తెలుగువాళ్లకు ఇన్నాళ్లుగా మనం తెల్ల నెయ్యి అమ్ముతున్నాం. వాళ్లు మనసు చంపుకుని తింటున్నారు."

మనసు చంపుకుని అన్న మాట దగ్గర అందరూ నావైపు తిరిగారు. ఆ భవనం మొత్తానికి తెలుగు ముక్కు నాదొక్కదానిదే. మేనేజరు నవ్వాడు. ఆయన నవ్వితే ఏమిటో ఇందాకే చెప్పాను.

"బెన్, మీరు మనసు చంపుకుని తింటున్నారా?" అని అడిగాడు.

"నేను ఇంట్లో మళ్లీ కాచుకుంటాను భాయ్" అన్నాను. నిజం చెప్పాలి కదా. ప్రాడక్టు మేనేజరు ఆ మాటను అక్కడికక్కడే ఫోన్‌లో ఎక్కించుకున్నాడు. కంపెనీ నెయ్యిని ఇంటికి తీసుకెళ్లి మళ్లీ పొయ్యి మీద పెట్టే మనిషి దొరకడం అతనికి దేవుడు దొరికినట్టయింది.

అలా పని మొదలైంది. ఆవు నెయ్యి మీద జనానికి మోజు పెరుగుతోంది కాబట్టి ఆవు వెన్నతోనే చేయాలన్నారు. తమలపాకు, మునగాకు లాంటివి కంపెనీ నెయ్యిలో వేయడానికి కుదరదు. కాబట్టి వేడి ఎంతసేపు పెట్టాలి, మడ్డి ఏ రంగుకొచ్చాక ఆపాలి అన్నదే చూసుకోవాలి. ఆపమని చెప్పే పని నాది. చిన్న కడాయిలో మొదటిసారి సరిగ్గా కుదిరిన రోజు ఆ వాసన ల్యాబు దాటి, వరండా దాటి, సెక్యూరిటీ గేటు దాకా వెళ్లింది. మా అమ్మ వంటింట్లో నిలబడ్డట్టే అనిపించింది, దాచుకోవడమెందుకు. మేనేజరు గబగబా మెట్లు దిగి వచ్చాడు.

"బళీ గయుఁ!" అన్నాడు. మాడిపోయిందని.

"మాడలేదు భాయ్, కాగింది."

"బెన్, నేను ఈ ప్లాంటులో ఇరవయ్యేళ్ల నుంచి ఉన్నాను. ఈ వాసన వస్తే బాయిలర్ ఆపేసి బయటికి పరిగెత్తమని మాకు నేర్పించారు."

ఆ తర్వాత ఆ నెయ్యికి ప్లాంటులో వాడుకపేరు అదే అయింది. లారీలోకి ఎక్కించేవాళ్లు కూడా బళీ గయుఁ డబ్బాలు ఎన్ని అని అడిగేవాళ్లు.

ఇక అమ్మకం. ముందు హజీరా వెళ్లాం, నేనూ ప్రాడక్టు మేనేజరూ. ఇంజినీర్ల కాలనీలో ఒక ఇంటావిడ, విశాఖపట్నం వైపు ఆవిడ, మమ్మల్ని ఎంతో ఆదరంగా కూర్చోబెట్టింది. మేం నెయ్యి సంగతి చెప్పాం. "కంపెనీ నెయ్యి మేం వాడమండీ, మా అమ్మ పంపిస్తుంది" అని, మాకు ఉప్మా పెట్టి పైన ఆ అమ్మ పంపిన నెయ్యి వేసింది. నేను వాసన చూశాను. మాదానికంటే బాగుంది. ప్రాడక్టు మేనేజరు నా మొహం చూసి, "ఎన్ని మార్కులు?" అని మెల్లిగా అడిగాడు. చెబితే తినలేకపోతాడని చెప్పలేదు. ఆ వరసలో ఏ ఇంటికెళ్లినా ఎవరో ఒకరి అమ్మో అత్తగారో అడ్డొచ్చారు.

తర్వాత వడోద్. అక్కడి వాళ్లెక్కువమంది కరీంనగర్ వైపు నుంచి మగ్గాల పనికి వచ్చి స్థిరపడ్డ కుటుంబాలు. కొందరు వచ్చి రెండు తరాలైంది. గల్లీ మొదట్లో బల్ల వేసి, వేడన్నం, ముద్దపప్పు, పైన మా నెయ్యి. జనం బాగానే వచ్చారు, ఊరికే పెడితే రారా? ఒక కాలేజీ కుర్రాడు ఒక ముద్ద తిని, "ఆంటీ, యే తో జల్ గయా" అన్నాడు. ఒక కోడలు పిల్ల వేలితో తీసి చూసి, "మేము గిక్కడ్నే పుట్టినం మేడం. మాకు ఘీ అంటే సఫేదే, తెల్లదే. ఇది రొట్టెకు పూస్తే రొట్టె మాడిందనుకుంటరు మా ఇంట్ల" అంది.

ముసలివాళ్లు మాత్రం కదల్లేదు. ఒక తాత మూడోసారి ఆకు చాపాడు. "గిసొంటి వాసన చూసి ఎన్నేండ్లాయె బిడ్డా. ఇంకో చుక్క పొయ్యి." నాకు ప్రాణం లేచొచ్చింది. ఒక డబ్బా రాసుకోమంటారా తాతా అని అడిగాను. "ఏడిది? నాకు బీపీ, షుగరు. డాక్టరు బందు పెట్టిండు. నా కోడలు చూస్తే గీ ముద్ద కూడా గుంజుకుంటది" అన్నాడు.

అప్పుడర్థమైంది నాకు మా మార్కెట్టు. నచ్చినవాళ్లని డాక్టరు తిననివ్వడు. తినగలిగినవాళ్లకి నచ్చదు. నచ్చి, తినగలిగిన హజీరా వాళ్లకి కంపెనీల మీద నమ్మకం లేదు. గోడ మీది మ్యాపులో ఆ ఎర్ర చుక్కలు ఎంత గుండ్రంగా ఉన్నాయో!

ఆ గల్లీ మొత్తం మీద డబ్బాలు కొన్నది ఒక్క మనిషి. ఆమె గురించి చెప్పాలి, ఈ కథంతా ఆమెదే.

ముప్పై అయిదేళ్లుంటాయేమో. భర్త మగ్గం మీద పని. ఆమె పొద్దంతా ఒక చీరల యూనిట్‌లో ఫోల్డింగ్ పని, అంటే నిలబడి చీరలు మడతపెట్టి అట్టల్లో పెట్టడం. సాయంత్రం ఇంటికొచ్చి ముందు గదిలో సకినాలు, గవ్వలు, మురుకులు చేసి గల్లీలో అమ్మేది. చేయి మంచిది, నోరు ఇంకా మంచిది. తెలుగు, హిందీ, గుజరాతీ ఒకే వాక్యంలో కలిపి మాట్లాడి, మూడు భాషలవాళ్లతోనూ ఒకేసారి దెబ్బలాడగలిగేది. నెయ్యి వాసన చూసి కళ్లు మూసుకుంది. "మా అవ్వ కాచినట్టే ఉందక్కా" అంది. ఆ పొద్దు నుంచి నేను ఆమెకు అక్కనైపోయాను.

ఆమెకు ఒకే కోరిక. "ఆ మడతల పని ఇడిసిపెట్టాలక్కా. నిల్చొని నిల్చొని రాత్రికి కాళ్లు నావి కావు. మిఠాయి పనే చేసుకుంట బతకాలని ఉంది" అనేది.

ఆ అవకాశం చందీ పడవో రూపంలో వచ్చింది. తెలియనివాళ్లకు చెబుతాను. శరత్పూర్ణిమ మర్నాడు సూరత్ ఊరు ఊరంతా సాయంత్రం డాబాల మీదా, రోడ్ల పక్కనా, తాపీ ఒడ్డునా చాపలు పరుచుకుని కూర్చుని ఘారీలు తింటుంది. ఘారీ అంటే కోవా, పిస్తా కూరి, పలచటి పూరీ చుట్టి, నేతిలో వేయించి, ఆ పైన మళ్లీ నేతిలో ముంచి పెట్టే మిఠాయి. పైన నెయ్యి తెల్లగా, మందంగా, గోడకు సున్నం వేసినట్టు గడ్డకట్టి నిలబడాలి. ఒక్క ఘారీ తింటే మర్నాటి దాకా ఆకలి గుర్తుకు రాదు. ఆమె గల్లీలోని తెలుగువాళ్ల సంఘం కూడా ఏటా ఈ పండగ చేసుకుంటుంది, ఘారీలు పెద్ద బజారు మిఠాయి దుకాణం నుంచి తెప్పించుకుంటుంది. ఈసారి తనకివ్వమని ఆమె అడిగింది. సంఘం పెద్ద ఒప్పుకున్నాడు. కానీ మాట ఖరాకండిగా చెప్పాడు.

"మంచిగ చేస్తే దివాళీ, హోలీ, పెండ్లిళ్లు అన్ని ఇగ నీకే బిడ్డా. బాగలేకుంటే మాత్రం మళ్ల అడగద్దు."

ఆమె ఆనందానికి హద్దు లేదు. నాకు ఫోన్ చేసి, "అక్కా, మనోళ్లకు మన నెయ్యితోని ఘారీ తినిపిస్తా చూడు. గింత కమ్మటి నెయ్యి ఉండంగ గా తెల్లది ఎవలకు కావాలె?" అంది. ఈ మాట నేను మేనేజరుకు చెబితే ఆయన తింటున్నది ఆపి, "ఘారీకి గేదె నెయ్యి కావాలి బెన్. తెల్లది. ఆమెకు చెప్పండి" అన్నాడు. చెప్పాను. ఆమె నవ్వింది, నేనూ నవ్వాను. ఈ గుజరాతీలకు వాసన అంటే ఏం తెలుసు అన్నది మా ఇద్దరి ధీమా. కమ్మటి నెయ్యి వేస్తే ఎందులోనైనా బాగుంటుందని పుట్టినప్పటి నుంచి నమ్మినవాళ్లం. ఆవు నెయ్యి గేదె నెయ్యంత గట్టిగా పేరుకోదని నేను పరీక్ష రాసి పాసై ఉద్యోగం తెచ్చుకున్న మనిషిని, అయినా ఆ వాసన ముందు ఆ చదువు గుర్తుకొస్తే కదా.

చందీ పడవో రోజు పొద్దున ల్యాబులో ఉండగా నా ఫోన్ మోగింది.

"అక్కా, ఘారీలు ఏడుస్తున్నయ్" అంది. ఆమె కూడా ఏడుస్తోంది.

నెయ్యి నిలబడలేదట. ముంచినది ముంచినట్టే జారి, పళ్లెంలో మడుగు కట్టిందట. రంగు చూస్తే మట్టిలో పడేసి తీసినట్టుందట. సంఘం వాళ్లు సాయంత్రం వస్తారు. "గియ్యాల పోతే ఇగ ఎవ్వరు నన్ను అడగరు. రేప్పొద్దుగాల మళ్ల ఫోల్డింగే. జిందగీ మొత్తం ఫోల్డింగే" అంది.

ఎదురుగా మేనేజరు నిలబడి ఉన్నాడు. నా మొహం చూసి, "రంగు?" అన్నాడు. చెప్పాను. "నిలబడిందా?" లేదన్నాను. ఆయన నవ్వలేదు. తినడానికేమీ తెప్పించలేదు కూడా. అంటే విషయం కోపాన్ని దాటిపోయిందన్నమాట. చందీ పడవో నాడు సూరత్‌లో ఎక్కడో ఒకచోట ఘారీ కారిపోతోందంటే ఆయన లెక్కలో అది శాంతిభద్రతల సమస్య. గోడౌన్ తాళం తెప్పించి తెల్ల నెయ్యి డబ్బాలు కిందికి దించమన్నాడు. పాలు చల్లగా ఉంచి సరఫరా చేసే చల్లబండి ఒకటి రిపేరై వచ్చి ఖాళీగా ఉంటే, "దీన్ని నడిపి చూడాలి కదా" అని నన్నూ డబ్బాలనూ డ్రైవరు పక్కన ఎక్కించి తనూ ఎక్కాడు.

వడోద్ గల్లీలోకి ఆ బండి తిరిగేసరికి రెండు వైపులా అంగుళం సందు మిగిలింది. మగ్గాల చప్పుడులో హారన్ వినపడదు. పాల బండి అన్నది మాత్రం అందరికీ కనపడింది. పండగపూట కంపెనీ వాళ్లు పాలు పంచుతున్నారని ఎవరో అన్నారు కాబోలు, మేం దిగేలోపే ఆడవాళ్లు గిన్నెలు పట్టుకుని వరస కట్టారు. "పాలు కావమ్మా, ఖాళీ బండి" అంటే ఎవరూ నమ్మరే! చివరికి వెనక తలుపు తీసి ఖాళీ అరలు చూపించాక, ఖాళీ బండిని ఊరేగించేవాళ్లని ఇప్పుడే చూస్తున్నాం అని తిట్టుకుంటూ వెళ్లారు.

ఆమె ముందు గదిలో నేల కనపడకుండా పళ్లేలు. ఆ ఘారీలను చూస్తే నాకే జాలేసింది. మేనేజరు చెప్పులు విప్పి, ప్యాంటు మడిచి, నేల మీద బాసింపట్టు వేసుకుని కూర్చున్నాడు. "బెన్, ముందు ఏడుపు ఆపు. వీటిని కొంచెం వెచ్చచేసి పళ్లేలు వాలుగా పెడితే పైనున్నది కారిపోతుంది. తర్వాత చల్లార్చి తెల్లదాంట్లో ముంచుదాం" అన్నాడు ఆమెతో హిందీలో. ఆమె ముక్కు తుడుచుకుని గుజరాతీలో బదులిచ్చింది, నాకు అర్థం కాలేదు కానీ ఆయనకు నచ్చింది. అలా మొదలుపెట్టిన మనుషులు సాయంత్రం దాకా ఒకరినొకరు కసురుకుంటూనే ఉన్నారు, పని మాత్రం ఆగలేదు.

తెల్ల నెయ్యి కాచి పోస్తే కుదరదు, మరీ గడ్డకట్టినా కుదరదు. ఇడ్లీ పిండిలా చిక్కబడేదాకా గిలక్కొట్టాలి. ఆ చిక్కదనంలో ఘారీ ముంచి తీస్తే నెయ్యి దాన్ని పట్టుకుంటుంది. ముంచిన పళ్లేన్ని వెంటనే చల్లబండిలో పెట్టాలి. ఆరాక తెచ్చి మళ్లీ ముంచాలి. భర్త గిలక్కొట్టడం, ఆమె ముంచడం, మేనేజరు తప్పులు పట్టడం, నేను పళ్లేలు అందించడం.

ఇంతలో మా ప్రాడక్టు మేనేజరు కెమెరా మెళ్లో వేసుకుని దిగాడు. తెలుగువాళ్లు తమ నెయ్యితో స్థానిక పండగ చేసుకుంటున్న ఫోటోలు హెడ్డాఫీసుకు కావాలట. గుమ్మంలో నిలబడి లోపల దృశ్యం చూశాడు. "ఇది ఏ ట్రెండ్?" అని నన్నడిగాడు పాపం. మేనేజరు తల ఎత్తకుండా, "ఈ పళ్లెం పట్టుకో, చెబుతాను" అన్నాడు. అతను పట్టుకున్నాడు. ఇక సాయంత్రం దాకా గదికీ బండికీ మధ్య తిరుగుతూనే ఉన్నాడు. ఇస్త్రీ చొక్కా నేతికి అతుక్కుపోయింది. ఒక్క పళ్లెం కూడా కింద పడేయలేదు, ఆ మాట చెప్పి తీరాలి. ఆ రోజు నుంచి అతనంటే నాకు అభిమానం.

పొద్దువాలేసరికి పైపూత నిలబడింది. తెల్లగా, నున్నగా, మా మేనేజరు వేలితో నొక్కి చూసి మాట్లాడకుండా తల ఊపేంత బాగా. కానీ లోపల కోవా అంతా ఆమె మా నెయ్యిలోనే వేయించింది, పూరీ కూడా మా నెయ్యిలోనే కాల్చింది. దాన్ని మార్చడం ఎవరి తరం? మేనేజరు ఒకటి విరిచి వాసన చూసి నావైపు చూశాడు. ఏమన్నాడో మళ్లీ రాయక్కర్లేదు.

"ఇగ దేవుడే దిక్కక్కా" అంది ఆమె. కొంగుతో చేతులు ఎన్నిసార్లు తుడుచుకున్నా నెయ్యి వదల్లేదు.

సంఘం పెద్ద ఇంకో ఇద్దరిని వెంటబెట్టుకుని వచ్చాడు. ఏళ్ల తరబడి మగ్గం నడిపినవాడు, చెవి కొంచెం తక్కువ, నాలుక మాత్రం ఎక్కువే అని ఆమె ముందే చెప్పింది. కుర్చీ వేస్తే కూర్చోలేదు. పళ్లెంలోంచి ఒక ఘారీ తీసుకుని వెలుతురు వైపు పెట్టి అటూ ఇటూ తిప్పాడు. గోటితో పైపూత గీకాడు. బాగుందన్నట్టు తల ఊపి, ఒక ముక్క తుంచి నోట్లో వేసుకున్నాడు. మేమందరం ఆయన దవడలే చూస్తున్నాం. మధ్యలో దవడలు ఆగాయి.

"లోపట ఏందో వాసన వస్తంది కదనే?" అన్నాడు.

నేనిక తట్టుకోలేక, ఇది మన పద్ధతిలో కాచిన నెయ్యి అండీ, అని మొత్తం సంజాయిషీ మొదలుపెట్టబోయాను. ఆమె నా చెయ్యి పట్టుకుని గట్టిగా గిల్లింది.

"యాలకులు కాకా. జర ఏగినయ్" అంది, కన్ను ఆర్పకుండా.

ఆయన మళ్లీ నమిలాడు. ఇంకో ముక్క తుంచుకుని అదీ తిన్నాడు. పక్కవాళ్లకు చెరో ముక్క పెట్టాడు. వేళ్లు నాక్కున్నాడు. మా మేనేజరు పైకప్పు వైపు చూస్తూ కూర్చున్నాడు.

"మంచిగనే ఉంది" అన్నాడు పెద్దాయన చివరికి. "దివాళీకి మాత్రం యాలకులు జర తక్కువెయ్యి బిడ్డా."

ఆయన ఏమన్నాడో మాకు ఎక్కడానికి కాసేపు పట్టింది. ఆమెకు మాత్రం వెంటనే ఎక్కింది. అక్కడే ఉన్న ఖాళీ నెయ్యి డబ్బా మీద కూలబడి, రెండు చేతులతో మోకాళ్లు పట్టుకుంది. తర్వాత భర్తను పిలిచి, "ఫోల్డింగ్ సేఠ్‌కు ఫోన్ కొట్టు. రేపటి సంది నేను రానని చెప్పు" అంది. ఆయన ఫోన్ తీస్తే నంబరు కలిసేలోపే ఆ ఫోన్ లాక్కుని, తనే చెప్పింది, గుజరాతీలో, నవ్వుతూ, ఏడుస్తూ. నాకూ కళ్లు నిండాయి. మేనేజరు తినడానికేదైనా తెప్పించమని ప్రాడక్టు మేనేజరుకు చెప్పాడు. గది నిండా ఘారీలుండగా ఇంకేం తెప్పించమంటున్నాడో ఆ కుర్రాడికి అర్థం కాలేదు.

మేం బండెక్కబోతుంటే ఆమె గుమ్మం దాకా వచ్చి నా రెండు చేతులూ పట్టుకుంది.

"అక్కా, దివాళీకి డబ్బాలు పంపు. ఎన్ని కావాల్నో రేపు చెప్త."

"అలాగేనమ్మా" అన్నాను. వడోద్‌లో మాకు దొరికిన మొట్టమొదటి నిలకడైన గిరాకీ అది. మా నెయ్యి ఎట్టకేలకు మనవాళ్ల ఇంట్లో నిలబడిందన్న పొంగు నా గొంతు దాకా వచ్చింది.

ఆమె అటూ ఇటూ చూసి, ఎవరూ వినకుండా నా చెవి దగ్గరికి వంగింది.

"తెల్లది పంపు అక్కా. మనది వద్దు."